స్పార్టకస్ సిరీస్‌లో ఆ రక్తం, ఆ పడకగది సీన్లు... నిజం ఎంత?

అందరికీ నమస్కారం. ప్రాచీన రోమ్‌లో తిరుగుబాటు చేసిన గ్లాడియేటర్ (జనం ముందు ఆయుధాలతో పోటీపడే యోధుడు, చాలామంది బానిసలే) స్పార్టకస్ కథతో 2010లో వచ్చిన 'స్పార్టకస్' సిరీస్ ఈమధ్యే మొదలుపెట్టాను. కథ పట్టేసింది. మా నాన్నగారు హిస్టరీ మాస్టారుగా రిటైరయ్యారు, రోమ్ అంటే ప్రాణం. మొన్న ఆయన వచ్చి పక్కన కూర్చోగానే గ్లాడియేటర్ల యజమాని బటియాటస్ ఇంట్లో విందు సీను! రిమోట్ చూస్తే సోఫా సందులో ఇరుక్కుంది. ఆయన కళ్లజోడు తీసి పంచె అంచుతో తుడవడం మొదలుపెట్టారు, సీను అయ్యేదాకా తుడుస్తూనే ఉన్నారు.

నా మొదటి డౌటు: కత్తి తగిలితే చాలు, స్లో మోషన్‌లో తెర నిండా రక్తమే. నిజంగా ప్రతి పోటీలో ఒకడు చావాల్సిందేనా? ఏళ్ల తరబడి మేపి, శిక్షణ ఇప్పించిన మనిషిని యజమాని అంత తేలిగ్గా పోగొట్టుకుంటాడా?

రెండోది శృంగారం. సెలాడస్ అనే గ్లాడియేటర్‌ని తలచుకుని అమ్మాయిలు నిట్టూరుస్తారని పాంపేయి అనే పాత రోమన్ నగరంలో గోడ మీద రాసుంది (వాడే రాసుకున్నాడేమో లెండి). కానీ పెద్దింటి ఆడవాళ్లు గ్లాడియేటర్లను గదికి పిలిపించుకున్నారనడానికి గట్టి ఆధారాలున్నాయా? కాదనే వీల్లేని బానిసతో జరిగేదాన్ని శృంగారంగా చూపించడం నాకైతే నచ్చలేదు.

క్రీ.పూ. 71లో స్పార్టకస్ వెంట నడిచిన 6,000 మంది తిరుగుబాటుదారులను ఇటలీలోని కాపువా నుంచి రోమ్ దాకా దారి పొడవునా శిలువ వేయడం మాత్రం చరిత్రే. ఆ కథ నాన్నగారితో కలిసి చూడాలని ఉంది. ఏ ఎపిసోడ్లు దాటేస్తే ఇబ్బంది ఉండదు? పోనీ, ఇదే విషయం మీద మంచి డాక్యుమెంటరీ ఏదైనా ఉంటే చెప్పండి, ప్లీజ్.