మాటల్లేని సీన్లో సంగీతం తీసేస్తే మౌనం వస్తుందా?

కత్తెర: మన సినిమాల్లో ఇద్దరు పది సెకన్లు మాట్లాడకుండా చూసుకుంటే చాలు, వయొలిన్లు మొదలు. ఆ ట్రాక్ మ్యూట్ చేయండి, మౌనం దానంతటదే వస్తుంది. 1987లో సింగీతం శ్రీనివాసరావు ఒక్క డైలాగు లేకుండా 'పుష్పక విమానం' నడిపించలేదా?

మిక్సింగ్‌గది: మ్యూట్ చేస్తే వచ్చేది మౌనం కాదండీ, స్పీకర్ పోయిందేమోనన్న అనుమానం. ట్రాక్ సున్నాకి పడగానే హాల్లో ఏసీ హోరు పైకి తేలుతుంది. అడుగున రూమ్ టోన్, అంటే ఎవరూ మాట్లాడనప్పుడు గదిలో ఉండే సన్నని శబ్దం, ఉండాలి. షాట్ అయ్యాక లైట్లు ఆర్పకముందే, అందర్నీ కదలకుండా నిలబెట్టి, అదే మైకుతో 30 సెకన్ల నుంచి నిమిషం దాకా గది శబ్దం తీసుకోవాలి. లైట్లు ఆర్పాక తీస్తే వాటి గుంయ్‌మనే శబ్దం పోయి, అతుకు తెలిసిపోతుంది. పుష్పకంలో లేనివి మాటలే. శబ్దాలు బోలెడు, ఎల్. వైద్యనాథన్ సంగీతమూ ఉంది.

నేలటికెట్: హోటల్ నిశ్శబ్దానికి నిద్రపట్టక, లాడ్జి పక్క సినిమాహాలు గోల టేపులో పెట్టుకుని పడుకుంటాడుగా కమల్!

కత్తెర: ఏదేమైనా అది మూకీయే.

మిక్సింగ్‌గది: సౌండ్‌ట్రాకున్నది మూకీ ఎలా అవుతుంది? మాటల్లేని టాకీ.

కత్తెర: పేరు పట్టుకుని వేలాడకండి. అమల ఇచ్చిన చీటీ ఎగిరి మురుగుకాల్వలో పడ్డప్పుడు కమల్ ముఖం చాలు. రెప్ప పడకముందే కట్ చేస్తే ఆలోచన సగంలో తెగుతుంది. పడ్డాక ఆరు ఫ్రేములు వదిలితే పావు సెకను, అంతే. మీ సౌండువాళ్లకి ముఖాలెక్కడ కనిపిస్తాయి, మీటర్లు తప్ప!

మిక్సింగ్‌గది: మీటర్లు చూసేవాణ్ణి కాబట్టే అడుగుతున్నా, మన సినిమాల్లో మాటల్లేని హీరోయిన్ క్లోజప్‌లో ఊపిరి ఎవరిది? జనరేటర్ మోతతో ఉన్న పైలట్ ట్రాక్ (షూటింగ్‌లోనే రికార్డయిన శబ్దం) పారేశారు. హీరోయిన్‌కి గొంతిచ్చినామె డైలాగులు చెప్పి వెళ్లిపోయింది. పెదవి విడివడుతుంది, ఛాతీ కదులుతుంది, చప్పుడు మాత్రం లేదు. తోలుబొమ్మలా ఉంటుంది. అది కప్పడానికే వయొలిన్లు.

కత్తెర: అంటే సంగీతం తప్పేమీ లేదంటారు?

మిక్సింగ్‌గది: తప్పు డబ్బింగ్ రోజే జరిగింది. ఆమెను మరో అరగంట ఉంచి, మాటల్లేని షాట్లు కూడా చూపించి, ముక్కు ఊపిరి, గుటక విడి ట్రాకులో తీసుకోండి. అప్పుడు తీసేయండి వయొలిన్లు, నేనే చప్పట్లు కొడతా.

కత్తెర: ఆ అరగంటకి డబ్బులెవరిస్తారు? 'ఇక్కడేం మాట్లాడట్లేదుగా' అంటాడు నిర్మాత.

నేలటికెట్: మేం ఈలలు ఆపితేగా మీ ఊపిరి వినపడేది 😄

మిక్సింగ్‌గది: ఈలలు సరే, 7 మీద ఉంచాల్సిన ఫేడర్‌ని (హాల్లో సౌండ్ పెంచే, తగ్గించే మీట) మీ హాలువాళ్లు 5కి దించుతున్నారేమో ముందు అది అడగండి.