చైనాలో పిల్లలు తగ్గిపోవడం ఒక్క సంతానం రూల్ పాపమేనా?

చదువరి:
2022లో చైనా జనాభా తగ్గింది, 1961 తర్వాత ఇదే మొదటిసారి. ఆ ఏడాది 8.5 లక్షలు, మరుసటి ఏడాది 20 లక్షలకు పైనే. 1980 నుంచి 35 ఏళ్లపాటు ఒక్కరితో ఆపమని జనాన్ని వేధించి, ఇప్పుడు కనండి కనండి అంటే ఎవరు కంటారు? చేసుకున్నవాళ్లకి చేసుకున్నంత.

లెక్కలపిచ్చి:
మొత్తం ఆ రూల్ మీదకే నెట్టేస్తే ఎలా? 1970లో ఒక్కో తల్లికి సగటున 6 దాకా ఉన్న కాన్పులు 1979కే 3 లోపుకి వచ్చేశాయి, అంటే రూల్ రాకముందే సగమయ్యాయి (లేటు పెళ్లి, కాన్పుల మధ్య ఎడం, తక్కువ పిల్లలు అని అప్పుడో ప్రచారం నడిచింది, అందులోనూ బలవంతం ఉంది లెండి). 2016లో ఇద్దరికి, 2021లో ముగ్గురికి ఒప్పుకున్నారు కదా, మరి 2016లో 1.78 కోట్ల మంది పుడితే 2023లో 90 లక్షలే ఎందుకు?

చదువరి:
కనాల్సిన అమ్మాయిలే తక్కువ కాబట్టి. కొడుకు కోసం కడుపులోనే తీయించేశారు, 2004 ప్రాంతంలో 100 మంది ఆడపిల్లలకి 120 మంది మగపిల్లలు పుట్టారు. ఆ లోటు ఇప్పుడు తెలుస్తోంది.

లెక్కలపిచ్చి:
అది నిజమే, ఆ లెక్క నేను వేయలేదు. కానీ ఉన్న అమ్మాయిలు కూడా కనట్లేదుగా.

వానచుక్క:
ఇద్దరూ తల్లుల్ని లెక్కపెడుతున్నారు గానీ వాళ్ల ఇబ్బందేంటో ఒక్కరూ అడగరు! ఉద్యోగం ఇంటర్వ్యూలో పెళ్లయిందా, పిల్లలెప్పుడు అని ఆడవాళ్లని అడగొద్దని 2019లో ప్రభుత్వమే చెప్పాల్సి వచ్చిందంటే పరిస్థితి అర్థం చేసుకోండి. పల్లె నుంచి సిటీకి వచ్చి పనిచేసేవాళ్లకి హుకౌ (ఏ ఊరివాళ్లో నమోదు చేసే సర్కారు రిజిస్ట్రేషన్) సొంతూళ్లో ఉంటే, పిల్లలకి సిటీలో సర్కారు బడి దొరకడం కష్టం, అందుకే చాలామంది పిల్లల్ని ఊళ్లో వదిలేసి వస్తారు. 2025 నుంచి మూడేళ్లలోపు పిల్లలకి ఏడాదికి 3,600 యువాన్లు ఇస్తున్నారు, నెలకి 300 అన్నమాట, దానికోసం ఉద్యోగం పోగొట్టుకునేదెవరు? అసలు పెళ్లిళ్లే 2024లో 61 లక్షలకి పడిపోయాయి, అంతకుముందు ఏడాది 76 లక్షలు దాటాయి.

చదువరి:
సరే, మరి ముసలివాళ్ల పెన్షన్ ఎవరు కడతారు? అందుకేగా 2025 జనవరి నుంచి రిటైర్మెంట్ వయసు మెల్లగా పెంచుతున్నారు, మగవాళ్లకి 60 నుంచి 63కి.

వానచుక్క:
ఫ్యాక్టరీల్లో పనిచేసే ఆడవాళ్లకి 50 నుంచి 55కి, అది కూడా చెప్పండి. అక్కడ కోడలు డ్యూటీకి వెళ్తే పసివాళ్లని చూసేది చాలా ఇళ్లలో నానమ్మో అమ్మమ్మో. ఆవిడ కూడా ఇంకో ఐదేళ్లు షిఫ్టుకి వెళ్తే ఆ పిల్లని ఎవరు ఎత్తుకుంటారు?