కాళ్ళాగజ్జా పాట మీ ఇంట్లో ఎలా పాడతారు?

మాది అమలాపురం దగ్గర పల్లె. మా అమ్మమ్మ పిల్లలందర్నీ అరుగు మీద వరసగా కాళ్ళు చాపి కూర్చోబెట్టి, ఒక్కో మాటకి ఒక్కో కాలు తడుతూ 'కాళ్ళాగజ్జా కంకాళమ్మ' పాడేది. ఆఖరి మాట ఎవరి కాలి మీద పడితే వాళ్ళు ఆ కాలు ముడుచుకోవాలి. కొబ్బరి పీచు తీసీ తీసీ గరుకెక్కిన ఆవిడ అరచెయ్యి ఇంకా గుర్తుంది, పాట మాత్రం 'వేగుచుక్క వెలగమొగ్గ' దాకానే వస్తోంది.

మొన్న మా నాలుగేళ్ళ పాప "తర్వాత?" అంటే ఏడుపొచ్చినంత పనైంది. యూట్యూబ్‌లో ఉన్నవి మా అమ్మమ్మ వరసలో లేవు.

కోనసీమ వైపు వాళ్ళెవరైనా మీ ఇంటి పాఠం పూర్తిగా రాసి పెడతారా? ఇంట్లో పెద్దవాళ్ళుంటే వాళ్ళ గొంతులోనే ఫోన్‌లో రికార్డు చేసి పంపితే ఇంకా మేలు. ఒక్క మాట తేడాగా ఉన్నా సరే, సరిచెయ్యకుండా పంపండి. నేదునూరి గంగాధరం గారు సేకరించిన జానపద గేయాల పుస్తకాలు రాజమండ్రిలో ఎక్కడ చూడొచ్చో కూడా చెప్పండి, దయచేసి.