21 ప్రశ్నల కాగితంతో మన డిప్రెషన్ తేలుతుందా?

రీడింగ్‌రూమ్_హన్మకొండ: పోయిన వారం మా హాస్టల్లో డాస్-21 అని, ఒత్తిడి, ఆందోళన, కుంగుబాటు ఎంతున్నాయో చూసే ఒక కాగితం పంచారు. గడిచిన వారం రోజులు ఎలా ఉన్నామో ఒక్కో ప్రశ్నకు 0 నుంచి 3 దాకా వేసుకోవాలి. నాకు ఆందోళనలో 16 వచ్చింది, 'తీవ్రం' అట. నోరు ఎండిపోయిందా అంటాడు, మే నెల ఎండలో చౌరస్తా నుంచి నడిచొచ్చినోడి నోరు ఎండక ఏమవుతుంది? రోజుకు ఐదు చాయ్‌లు తాగితే గుండె దడ రాదా? నాకైతే ఇదంతా ఉత్త లెక్క అనిపిస్తోంది.

కాజీపేట_అక్క: తమ్ముడూ, సైకాలజీ చదివినదాన్ని కాబట్టి చెప్తున్నా. నీ అసలు కూడిక 8. మొదటి ఫారంలో 42 ప్రశ్నలు, ఇందులో సగమే కాబట్టి రెండింతలు చేస్తారు. ఒక్క మార్కు తగ్గితే 14, అప్పుడు దాని పేరు 'మధ్యస్థం'. అంటే ఒక చాయ్ తేడా! కానీ 1995లో ఆస్ట్రేలియాలో లోవిబాండ్ అనే ఇద్దరు సైకాలజిస్టులు దీన్ని తెచ్చింది తీవ్రత ఎంతో చూడటానికి, రోగం పేరు పెట్టడానికి కాదు. తప్పు కాగితానిది కాదు, ముద్ర వేసినవాళ్లది.

గీసుకొండ_పోరడు: అక్కా, కాగితం ఎవరి చేతికి పోతుందన్నది కూడా చూడాలి గదా. మా కాలేజీలో హాల్‌టికెట్ నంబర్ రాయించి వార్డెనే వసూలు చేశాడు, ఇంటికి ఫోన్ పోతుందని అందరం సున్నాలు పెట్టాం. నా పక్క మంచం వాడు కూడా. రెండు నెలలకు చదువు వదిలేసి ఊరికి పోయాడు. ఇంకోటి, ఒత్తిడి, ఆందోళన, కుంగుబాటు అని మూడు వేరువేరుగా అడుగుతారు, మనకేమో మూడూ 'టెన్షనే'. మా అమ్మనడిగితే 'మనసున పడ్తలేదు బిడ్డా' అంటుంది, దానికి ఎన్ని మార్కులు వేస్తారు?

కాజీపేట_అక్క: పేరు రాయించడం తప్పే, ఒప్పుకుంటా. ఇంకో లోటు కూడా ఉంది. ఇందులో నిద్ర, ఆకలి గురించి, చచ్చిపోవాలన్న ఆలోచనల గురించి ప్రశ్నలు లేవు. పీహెచ్‌క్యూ-9 అని కుంగుబాటుకే ఇంకో ప్రశ్నల కాగితం ఉంది, అందులో అవి ఉంటాయి, రెండు వారాల సంగతి అడుగుతుంది.

రీడింగ్‌రూమ్_హన్మకొండ: నిద్ర అడగదా? అక్కా, గ్రూప్స్ రిజల్ట్ వచ్చినప్పటి నుంచి, అంటే మూడు వారాలుగా, రాత్రి మూడింటి దాకా కన్ను మూత పడట్లేదు. చాయ్ మానేసి కూడా చూశా.

కాజీపేట_అక్క: మరి ఇది ముందే చెప్పొద్దా! ఆ 16 సంగతి వదిలెయ్. టెలీ మానస్ అని మనసు బాధలకు సర్కారు హెల్ప్‌లైన్ ఉంది, నంబర్ 14416, పైసలు పడవు, తెలుగులో మాట్లాడతారు, ఈ రాత్రికే చెయ్. పొద్దున వరంగల్ ఎంజీఎం ఆస్పత్రిలో సైకియాట్రీ ఓపీకి పో.

గీసుకొండ_పోరడు: అన్నా, నేను వస్తా తోడు. ఎన్నింటికి?