అకరణీయంలో ‘అ’ ఎందుకుంది?

మిర్యాలగూడ నుంచి: ఇక్కడున్న లెక్కల సార్లు, మేడంలు కొంచెం చెప్పండి. మా అక్క కొడుకు తొమ్మిదో తరగతి. భిన్నంగా రాయగలిగే ర్యాషనల్ సంఖ్యను తెలుగులో అకరణీయం, అట్ల రాయలేని ఇర్రేషనల్‌ను కరణీయం అంటారు కదా, ఇంగ్లీషులో ‘కాదు’ అనేది ఒక దాని మీదుంటే మనకు రెండో దాని మీద ఎందుకుందని వాడి గొడవ. హిందీలో కూడా పరిమేయ, అపరిమేయ అని ఇంగ్లీషు దారిలోనే ఉంది.

జడ్చర్ల నుంచి: మనవాళ్లు పేరును ఇంకో వైపు నుంచి పెట్టారండి. కరణి అంటే వర్గమూలం. యజ్ఞవేదికల కొలతలు చెప్పే పాత గ్రంథాలైన శుల్బసూత్రాల్లో √2 ద్వికరణి, √3 త్రికరణి. చతురస్రం కర్ణాన్ని భుజంగా తీసుకుని ఇంకో చతురస్రం గీస్తే వైశాల్యం రెట్టింపవుతుంది, అందుకే ‘ద్వి’. ఆ సూత్రాలు రాసినవాళ్లలో ఒకడైన బౌధాయనుడు √2కు ఇచ్చిన కొలత లెక్క కడితే 577/408, అంటే 1.4142156. అసలు విలువ 1.4142135..., చూడండి ఎంత దగ్గరికొచ్చాడో! నా లెక్కలో కరణి వదలకుండా మిగిలేది కరణీయం, కరణి పోయి భిన్నంగా తేలేది అకరణీయం. మీవాడికి ఇట్ల చెబితే మళ్లీ మర్చిపోడు.

మిర్యాలగూడ నుంచి: మరి √121? రూటు గుర్తుంది కాబట్టి కరణీయమే అంటున్నాడు సార్.

దేవరకొండ నుంచి: గుర్తు చూసి చెప్పొద్దన్నా, లోపలి సంఖ్యను చూడాలె. మన భూమి లెక్కే తీసుకోండి. గుంట అంటే 121 చదరపు గజాలు, చదరంగా కొలిస్తే భుజం 11 గజాలు, అకరణీయం. ఎకరం 40 గుంటలు, 4840 చదరపు గజాలు. కారణాంకాలు విడగొడితే 2 మూడుసార్లు, 5 ఒకసారి, 11 రెండుసార్లు. 11కు జత దొరికింది, 2లో ఒకటి, 5 ఒంటరిగా మిగిలాయి, కాబట్టి భుజం 22√10, కరణీయం. సర్వేయరు 69.57 గజాలని రాసినా అది దగ్గరి విలువే. అదే పదెకరాలైతే 48400, భుజం సరిగ్గా 220.

జడ్చర్ల నుంచి: బాగా చెప్పారు. ఎందుకంటే √n విలువ p/q అయి, p, qలకు ఉమ్మడి కారణాంకం లేదనుకుంటే p² = nq² అవుతుంది. q లో ఏ ప్రధాన సంఖ్య ఉన్నా p లోకీ రావాల్సిందే, అది కుదరదు, అందుకే q = 1. అంటే పూర్ణసంఖ్యకు మూలం పూర్ణసంఖ్యగా రావాలి, లేదా కరణీయం. మధ్యలో భిన్నం అనేదే లేదు. √2కు పుస్తకంలో ఇచ్చే నిరూపణ కూడా ఈ దారిలోనిదే, కానీ పిల్లలు దాన్ని √2కే అన్నట్టు బట్టీపడతారు.

మిర్యాలగూడ నుంచి: భిన్నాలకు?

దేవరకొండ నుంచి: ముందు కొట్టేసి చిన్నది చేయాలె. 8/18 చూస్తే పైనా కిందా వర్గాలు కావు, కానీ 4/9 అయినాక మూలం 2/3. దశాంశాల్లోనే పిల్లలు బోల్తా పడతారు: 0.09 అంటే 9/100, మూలం 0.3. 0.9 అంటే 9/10, కింద 10కి మూలం తెగదు, కరణీయం.