‘స్వెట్‌షాప్’ని తెలుగులో ఏమనాలి?

అందరికీ నమస్కారం. ఫ్లారెన్స్ కెల్లీ మీద ఒక వ్యాసం అనువదిస్తున్నాను. 1893లో అమెరికాలోని ఇల్లినాయ్ రాష్ట్రానికి మొదటి చీఫ్ ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టర్ అయిన ఆవిడ. అంతా సాఫీగానే నడిచింది గానీ ‘స్వెట్‌షాప్’ (తక్కువ కూలికి ఎక్కువసేపు పని చేయించుకునే ఇరుకు చోటు) దగ్గర బండి ఆగిపోయింది. ‘చెమట దుకాణం’ అని రాస్తే మా ఆవిడ చదివి, “అక్కడ చెమట అమ్ముతారా?” అంది. ‘శ్రమదోపిడీ కేంద్రం’ అంటే కరపత్రం వాసన. ఏం చేయమంటారు?

— మీ ఆవిడ కరెక్టుగానే పట్టుకున్నారండీ. కానీ తేడా దుకాణంలో కాదు, చెమటలో ఉంది. మనకి చెమటంటే గౌరవం. ‘చెమటోడ్చి సంపాదించాడు’ అంటే మెచ్చుకోలు. ఓడడమంటే కారడం, ‘నెత్తురోడుతున్న కాలు’ అంటాం చూడండి. కారేలా చేస్తే ఓడ్చడం. అయితే ఎవరి చెమట వాళ్లే ఓడుస్తారు, పక్కవాడిది ఓడ్చడం అనం. ఇంగ్లీషు మాటలో మాత్రం చెమట పట్టేది ఒకరికి, పట్టించేది ఇంకొకరు. ఆ రోజుల్లో దర్జీ పనిలో ‘స్వెటర్’ అంటే చలికి వేసుకునేది కాదు, మధ్య దళారీ. షికాగోలో పెద్ద బట్టల కంపెనీ గుడ్డ కత్తిరించి కట్టలుగా ఇచ్చేది. ఇతను ఆ కట్టలు అద్దె గదికి మోసుకెళ్లి, వలస వచ్చిన ఆడవాళ్లచేత, పిల్లలచేత కుట్టించేవాడు. కంపెనీ రేటుకీ, వీళ్లకిచ్చే కూలికీ మధ్య తేడాయే అతని ఆదాయం. కాబట్టి ‘చెమట కక్కించు’ దగ్గరగా ఉంటుంది. కక్కించడంలో రెండో మనిషి ఉన్నాడు.

— అన్నా, ‘చెమట కక్కించే దళారీ’ బాగుంది, కానీ స్థలానికి పేరు రాలేదుగా? మా నిజామాబాద్ వైపు బీడీల పనిలో టేకేదారు ఉంటాడు. ఆకు, తంబాకు ఇస్తాడు, ఇంట్లో చుట్టి తెచ్చిస్తే లెక్క కడతాడు. అక్కడ స్థలానికి వేరే పేరే లేదు, అది మన ఇల్లే.

— అదే అసలు పాయింటు! కెల్లీకి తలనొప్పి అక్కడే. ఫ్యాక్టరీ అయితే గేటు ఉంటుంది, లోపలికి వెళ్లి చూడొచ్చు. ఇక్కడ మంచం పక్కన కుట్టుమిషను. 1894లో షికాగోలో మశూచి వచ్చినప్పుడు, రోగులున్న ఇళ్లలోనే కోట్లు తయారవుతున్నాయని ఆవిడ గొడవ చేసింది. ఇంకో కేసు వినండి. చవక ఫొటో ఫ్రేములకి విషద్రవంతో బంగారు పూత పూస్తూ పదకొండేళ్ల పిల్లాడికి కుడిచెయ్యి చచ్చుబడింది. పద్నాలుగేళ్ల లోపు పిల్లల్ని పనిలో పెట్టకూడదని చట్టం ఉంది. కెల్లీ ప్రభుత్వ వకీలు దగ్గరికి వెళ్తే ఆయన కేసు తీసుకోలేదు. దాంతో తనే లా కాలేజీలో చేరింది. డిగ్రీ సంపాదించింది కూడా. (నాకైతే ఇక్కడ విజిల్ వేయాలనిపించింది.)

— చట్టం నిలిచిందా మరి?

— సగం. అదే చట్టంలో ఆడవాళ్లకి ఎనిమిది గంటల పని అన్న భాగాన్ని 1895లో ఇల్లినాయ్ సుప్రీంకోర్టు కొట్టేసింది. ‘కాంట్రాక్టు స్వేచ్ఛ’కి, అంటే యజమానీ కూలీ తమకిష్టమైన షరతులకి ఒప్పుకునే హక్కుకి, అడ్డమట. ఆ మాటని మాత్రం తు.చ. తప్పకుండా అనువదించండి, వెటకారం దానంతటదే వస్తుంది. 1897లో కొత్త గవర్నరు వచ్చి ఆవిడ్ని పదవిలోంచి తప్పించాడు.

— అందరికీ థాంక్స్. మొదటిసారి వచ్చినచోట ఇలా రాశాను: “చెమట కక్కించే దళారీల కుట్టు గదులు, ఇంగ్లీషులో స్వెట్‌షాపులు.” తర్వాత అంతటా ‘కుట్టు గది’ చాలు. ఇక ‘టెనెమెంట్’ (పేదలు కిక్కిరిసి అద్దెకుండే భవనం) మిగిలింది. ‘ఇరుకిళ్లు’ అందామా? ఇంటావిడ ఇంకా చూడలేదు.