కొమాంచి అచ్చులు ఎలా పలకాలి? చరిత్ర కూడా కాస్త చెప్పండి

ప్రశ్న: అమెరికా ఆదివాసీ తెగ కొమాంచీల భాష కొమాంచి. దాని రాతలో కొన్ని అచ్చుల కింద గీత ఉంటోంది, ఎందుకు? అడ్డగీత ఉన్న 'యు' అక్షరాన్ని ఎలా పలకాలి? షొషోనీ భాషతో దీనికి చుట్టరికం ఉందా?

జవాబు 1: కింద గీత ఉంటే అది గుసగుస అచ్చు. నోరు అచ్చు ఆకారంలోనే ఉంటుంది, గొంతు మాత్రం మోగదు. తెలుగులో మాట చివరి అచ్చును నిండుగా పలుకుతాం కదా, పొరపాటు అక్కడే జరుగుతుంది. అడ్డగీత 'యు' కోసం 'ఉ' అంటూ పెదవుల్ని మాత్రం గుండ్రంగా చుట్టకుండా 'ఈ'కి సాగదీసినట్టు పెట్టండి. అక్షరం రెండుసార్లు రాస్తే దీర్ఘం. ఈ లిపిని కొమాంచి నేషన్ (ఆ తెగ ప్రభుత్వం) 1994లో అధికారికంగా తీసుకుంది.

జవాబు 2: షొషోనీ దగ్గరి చుట్టమే, రెండూ యూటో-అజ్టెకన్ భాషా కుటుంబానివి. గుర్రాలు చిక్కాక కొమాంచీలు షొషోనీల నుంచి విడిపోయి అమెరికా దక్షిణ మైదానాలకు దిగారు. 'కొమాంచి' బయటివాళ్లు పెట్టిన పేరు. వాళ్లు తమను 'నుమునూ' అనుకుంటారు. మనకు నచ్చే సంగతి: 'మనం', 'మేము' తేడా వాళ్లకీ ఉంది. అదనంగా ద్వివచనం కూడా.

జవాబు 3: గుర్రాల మాటొచ్చింది కాబట్టి: 1874లో టెక్సస్‌లోని పాలో డ్యూరో లోయలో అమెరికా సైన్యం కొమాంచీలు, వాళ్ల మిత్ర తెగల గుర్రాలను వెయ్యికి పైగా పట్టుకుని కాల్చేసింది. గుర్రం లేకుంటే వేట లేదు. మరుసటి ఏడాది కొమాంచి నాయకుడు క్వానా పార్కర్ ఫోర్ట్ సిల్ అనే సైనిక కోట దగ్గర లొంగిపోయాడు. తర్వాత బడుల్లో అణచిన ఇదే భాష రెండో ప్రపంచ యుద్ధంలో అదే సైన్యానికి రహస్య సంకేతమైంది. ట్యాంకు 'తాబేలు', మెషిన్ గన్ 'కుట్టు మిషన్', బాంబర్ 'కడుపుతో ఉన్న విమానం'. శిక్షణ లేని కొమాంచి విన్నా మాటలు తెలుస్తాయి, భావం అందదు.